భద్రతా మండలిలో కుర్చీలు పెంచితే సరిపోతుందా?

పాఠకుల ప్రశ్నలు – జవాబులు

ఐక్యరాజ్యసమితి సంస్కరణల మీద ఈసారి చాలా ప్రశ్నలు వచ్చాయి. ఒకే విషయం అడిగినవాటిని కలిపి జవాబులు ఇస్తున్నాం.

ప్రశ్న: భద్రతా మండలిని విస్తరించాలని దేశాధినేతలంతా ఏటా న్యూయార్క్‌లో ప్రసంగిస్తారు. అందరూ కావాలంటున్నప్పుడు అడ్డేమిటి? నిజంగా మార్చాలంటే వరసగా ఏమేం జరగాలి?

జవాబు: ఐక్యరాజ్యసమితి మూల ఒప్పందమైన చార్టర్‌లోని 108వ అధికరణం ప్రకారం రెండు గడపలు దాటాలి. మొదటిది సర్వప్రతినిధి సభ. 193 సభ్యదేశాల్లో మూడింట రెండొంతులు, అంటే 129 దేశాలు సవరణకు అనుకూలంగా ఓటు వేయాలి. లెక్క తీసేది హాజరైనవారిలో కాదు, మొత్తం సభ్యుల్లో. కాబట్టి ఓటింగుకు రానివాళ్లూ, వచ్చి ఓటు వేయనివాళ్లూ ఫలితంలో వ్యతిరేకుల కిందికే వస్తారు. ఈ దశలో వీటో, అంటే ఐదు శాశ్వత సభ్యదేశాల్లో ఏ ఒక్కటైనా మండలి తీర్మానాన్ని ఆపగల అధికారం, పనిచేయదు. రెండో గడప ధ్రువీకరణ. మళ్లీ 129 దేశాలు తమ తమ రాజ్యాంగ పద్ధతుల్లో సవరణను ఆమోదించి పత్రాలు దాఖలు చేయాలి. ఆ 129లో శాశ్వత సభ్యులైన అమెరికా, రష్యా, చైనా, బ్రిటన్, ఫ్రాన్స్ ఐదూ ఉండితీరాలి. ఒక్కటి లేకపోయినా సవరణ అమల్లోకి రాదు. దీనికి గడువంటూ ఏమీ లేదు. ఎన్నేళ్లయినా నానబెట్టవచ్చు.

ఇదంతా చదివి అసాధ్యమనుకోకండి. ఒకసారి జరిగింది కూడా. మొదట్లో మండలి సభ్యులు 11 మందే. దాన్ని 15కు పెంచే తీర్మానం 1963 డిసెంబరు 17న ఓటింగుకు వచ్చింది. అనుకూలం 97, వ్యతిరేకం 11, ఓటు వేయనివారు 4. ఫ్రాన్స్, సోవియట్ యూనియన్ వ్యతిరేకించాయి. అమెరికా, బ్రిటన్ ఓటింగుకు దూరంగా ఉన్నాయి. ఐదు పెద్ద దేశాల్లో మద్దతు పలికింది చైనా ఒక్కటే, అదీ అప్పట్లో ఆ కుర్చీలో ఉన్న తైపీ (తైవాన్) ప్రభుత్వం. అయినా 1965 ఆగస్టు 31 నాటికి ఐదూ ధ్రువీకరించేశాయి. ఎందుకంటే కొత్తగా స్వాతంత్ర్యం వచ్చిన ఆసియా, ఆఫ్రికా దేశాలన్నీ ఒకే ముసాయిదా వెనక నిలబడ్డాయి. వాటితో చెడ్డ కావడం ఆ రోజుల్లో ఏ పెద్ద దేశానికీ ఇష్టం లేదు. పైగా పెరిగినవి రెండేళ్ల తాత్కాలిక సీట్లే. వీటో జోలికి ఎవరూ పోలేదు. ఇప్పుడు లోపించింది సరిగ్గా ఆ ఒకే ముసాయిదానే.

మరో సంగతి. చార్టర్ 23వ అధికరణంలో నేటికీ శాశ్వత సభ్యుల పేర్లు ‘రిపబ్లిక్ ఆఫ్ చైనా’, ‘సోవియట్ సోషలిస్టు రిపబ్లిక్కుల యూనియన్’ అనే ఉన్నాయి. 1971లో చైనా కుర్చీ బీజింగ్‌కు మారింది సర్వప్రతినిధి సభ తీర్మానంతో. 1991 డిసెంబరులో సోవియట్ కుర్చీ రష్యాకు దక్కింది ఒక లేఖతో. అక్షరం దిద్దకుండానే అంతటి మార్పులు జరిగాయన్నది గుర్తుంచుకోవాలి. కింది జవాబుల్లో చాలావాటికి ఇదే ఆధారం.

ప్రశ్న: ఆ ఒకే ముసాయిదా ఎందుకు తయారు కావడం లేదు? ఎవరి పట్టు ఏమిటి?

జవాబు: 2005లో మూడు ముసాయిదాలు బల్ల మీదికి వచ్చాయి. ఒక్కటీ ఓటింగు దాకా పోలేదు. భారత్, జపాన్, జర్మనీ, బ్రెజిల్‌ల జీ-4 కూటమి 25 మంది సభ్యుల మండలి అడిగింది. అందులో కొత్త శాశ్వత సీట్లు ఆరు. కొత్తవారు 15 ఏళ్ల దాకా వీటో వాడబోమని సర్దుబాటు చూపారు. ఆఫ్రికా యూనియన్ తమ ఖండానికి వీటోతో సహా రెండు శాశ్వత సీట్లు, మొత్తం ఐదు తాత్కాలిక సీట్లు కావాలంది. వీటో ఉండకూడదన్నదే వారి మూలసూత్రం. కానీ ఉన్నంతకాలం కొత్తవారికీ ఇవ్వాల్సిందేనని పేచీ. ఇక ఇటలీ, పాకిస్తాన్, దక్షిణ కొరియా, మెక్సికో, అర్జెంటీనా, తుర్కియే వంటి డజను దేశాల కూటమి కొత్త శాశ్వత సీట్లే వద్దంటుంది. తాత్కాలిక సీట్లు పెంచి, దిగిపోయినవారు వెంటనే మళ్లీ పోటీ చేసే వీలు కల్పించమంటుంది. ఇప్పుడు ఆ వీలు లేదు.

లెక్క వేసి చూడండి. ఆఫ్రికావి 54 ఓట్లు. అవి తీసేస్తే మిగిలేవి 139. కావలసింది 129. అంటే ఆఫ్రికా కలిసిరానప్పుడు ఇంకో 11 దేశాలు తప్పుకుంటే చాలు, సవరణ వీగిపోతుంది. ఆ పనికి పై డజను దేశాలే సరిపోతాయి. 2005 వేసవిలో జీ-4, ఆఫ్రికా యూనియన్ ఒక్కటవ్వాలని చూసి వీటో దగ్గరే విడిపోయాయి. ముడి పడింది అక్కడే. అప్పట్నుంచి అది అలాగే ఉంది.

2009 నుంచి ప్రభుత్వాల మధ్య చర్చలు నడుస్తున్నాయి. ఆ చర్చలకు అందరూ దిద్దడానికి వీలైన ఒక ఉమ్మడి పాఠం లేదు. ఏ దేశం ఏ వాక్యాన్ని కాదంటోందో పేరుపేరునా నమోదయ్యే పత్రం లేకుండా బేరం సాగదు. వద్దనేవారికి మౌనమే లాభం. సీట్ల సంఖ్య కంటే ముందు అడగాల్సింది ఆ పత్రాన్నే అని మా అభిప్రాయం.

ప్రశ్న: వీటోను రద్దు చేయలేమా? కనీసం పగ్గం వేయలేమా?

జవాబు: రద్దుకు కూడా 108వ అధికరణమే దారి. అంటే వీటో ఉన్నవారే వీటో పోవడానికి సంతకం పెట్టాలి. దాని మీద ఆశ పెట్టుకోకపోవడం మంచిది. పగ్గాలు మాత్రం ఉన్నాయి.

మొదటిది 2022 ఏప్రిల్ 26న లీఖ్టెన్‌స్టైన్ చొరవతో వచ్చిన 76/262 తీర్మానం. ఎవరైనా వీటో వాడితే పది పనిదినాల్లో సర్వప్రతినిధి సభ సమావేశమవుతుంది. వీటో వాడిన దేశానికి వక్తల జాబితాలో ముందు చోటు ఇస్తారు. శిక్షేమీ లేదు. అందరి ముందూ నిలబడి కారణం చెప్పుకోవాల్సి రావడం ఒక్కటే ఇబ్బంది. కానీ దాన్ని తేలిగ్గా తీసిపారేయకూడదు. ఫ్రాన్స్, బ్రిటన్ 1989 తర్వాత వీటో వాడలేదు. వాళ్లను ఆపుతున్నది ఏ నిబంధనా కాదు, వాడితే ఎదుర్కోవాల్సిన విమర్శ.

రెండోది చార్టర్‌లో మొదటినుంచీ ఉన్నదే. శాంతియుత పరిష్కారాలకు సంబంధించిన ఆరో అధ్యాయం కింద ఓటింగు జరిగితే, వివాదంలో భాగమైన దేశం ఓటు వేయకూడదని 27వ అధికరణం మూడో క్లాజు చెబుతుంది. దశాబ్దాలుగా దీన్ని ఎవరూ పట్టించుకోవడం లేదు. ఓటింగుకు ముందు ఏ సభ్యదేశమైనా ఈ అభ్యంతరం లేవనెత్తవచ్చు. ఏ సవరణా అక్కర్లేదు. కాకపోతే ఏడో అధ్యాయం కింద వచ్చే ఆంక్షలు, సైనిక చర్యలకు ఇది వర్తించదు.

ఇంకో విషయం చాలామంది మరచిపోతారు. తీర్మానం నెగ్గాలంటే 15లో 9 ఓట్లు రావాలి. ఏడుగురు ఊరకుంటే వీటో లేకుండానే తీర్మానం పడిపోతుంది. పేపర్లో కనిపించే వీటోలకన్నా, తొమ్మిది ఓట్లు రావని తెలిసి, లేదా వీటో తప్పదని తెలిసి అసలు ఓటింగుకే పెట్టని ముసాయిదాల వల్ల జరిగే నష్టం ఎక్కువ.

ప్రశ్న: మండలి చేతులెత్తేస్తే సర్వప్రతినిధి సభ ఏం చేయగలదు?

జవాబు: అందుకే 1950 నవంబరు 3 నాటి 377వ తీర్మానం ఉంది. ‘శాంతి కోసం ఐక్యత’ అంటారు. మండలి వీటోతో స్తంభిస్తే 24 గంటల్లో అత్యవసర ప్రత్యేక సమావేశం పెట్టవచ్చు. దానికి మండలిలో ఏవైనా తొమ్మిది ఓట్లు వస్తే చాలు. ఇది కార్యవిధానానికి చెందిన విషయం కనుక వీటో చెల్లదు. లేదా సభ్యదేశాల్లో సగానికి పైగా, అంటే 97 దేశాలు కోరినా సరిపోతుంది. ముఖ్యమైన తీర్మానాలకు హాజరై ఓటు వేసినవారిలో మూడింట రెండొంతులు కావాలి. ఇక్కడ మాత్రం ఓటు వేయనివారు లెక్కలోకి రారు. 2022 ఫిబ్రవరి 27న రష్యా వ్యతిరేకించినా మండలి ఈ దారిలోనే ఉక్రెయిన్ విషయాన్ని సభకు పంపింది. మార్చి 2న సభ 141 ఓట్లతో తీర్మానం చేసింది. ఎదురు 5, దూరంగా ఉన్నవి 35.

యుద్ధం ఆగలేదు కదా అంటారు. నిజమే. సభ సిఫార్సు మాత్రమే చేయగలదు. చార్టర్ 25వ అధికరణం ప్రకారం సభ్యదేశాలు కట్టుబడాల్సింది మండలి నిర్ణయాలకే. అయితే సిఫార్సుతోనూ పని జరిగిన సందర్భం ఉంది. 1956లో ఇజ్రాయెల్, బ్రిటన్, ఫ్రాన్స్ ఈజిప్టు మీద దాడి చేసిన సూయజ్ సంక్షోభంలో బ్రిటన్, ఫ్రాన్స్ వీటో వాడాయి. విషయం సభకు వచ్చింది. నవంబరు 5న అత్యవసర దళాన్ని ఏర్పాటు చేస్తూ తీర్మానం చేశారు. నవంబరు 15కల్లా మొదటి సైనికులు ఈజిప్టులో దిగారు. అలా జరగడానికి కారణం అమెరికా, సోవియట్ యూనియన్ రెండూ దాడిని వ్యతిరేకించడం, ఈజిప్టు తన గడ్డ మీద ఆ దళాన్ని ఒప్పుకోవడం. ఆ ఒప్పుకోలు మీద ఆధారపడిన దళం గనుకే 1967 మేలో ఈజిప్టు పొమ్మనగానే వెళ్లిపోవాల్సి వచ్చింది. మరుసటి నెలలోనే ఇజ్రాయెల్‌తో యుద్ధం మొదలైంది.

ప్రశ్న: శాంతి పరిరక్షక దళాలు కళ్లముందు జరిగే ఘోరాలను ఆపలేకపోవడానికి అసలు కారణమేమిటి? పిరికితనమా, అవినీతా?

జవాబు: మండలి అప్పగించే పనికీ, ఇచ్చే బలగానికీ పొంతన లేకపోవడం. చాలా వైఫల్యాల మూలం ఇక్కడ తేలుతుంది.

రువాండాలో 1993 అక్టోబరులో మంజూరైన బలం 2,548. 1994 ఏప్రిల్ 7న పది మంది బెల్జియం సైనికులను చంపారు. బెల్జియం తన దళాన్ని వెనక్కి పిలిపించుకుంది. మారణహోమం జోరుగా సాగుతున్న ఏప్రిల్ 21న మండలి ఆ బలాన్ని 270కి తగ్గించింది. తర్వాత తప్పు తెలుసుకుని మే 17న 5,500కు పెంచింది. కాగితం మీద పెరిగిందే తప్ప సైనికులూ సాయుధ వాహనాలూ సమయానికి చేరలేదు. సుమారు 8 లక్షల మంది చనిపోయారు. ఆ ఏడాది రువాండా ప్రభుత్వ ప్రతినిధే మండలిలో తాత్కాలిక సభ్యుడిగా కూర్చుని ఉన్నాడు.

బోస్నియాలో 1993లో స్రెబ్రెనిత్సాతో సహా ఆరు చోట్లను ‘సురక్షిత ప్రాంతాలు’గా ప్రకటించారు. వాటిని కాపాడటానికి సుమారు 34,000 మంది కావాలని లెక్క తేలింది. మండలి 7,600 మంది చాలంది. 1995 జులైలో స్రెబ్రెనిత్సా పడిపోయింది. వేల మంది పురుషులను, కుర్రాళ్లను కాల్చి చంపారు. రక్షణ ఉందని నమ్మి జనం అక్కడికి చేరారు కాబట్టి, ఏమీ ప్రకటించకపోయినా అంతకన్నా నయంగా ఉండేదేమో.

2000లో శాంతి పరిరక్షణ మీద ఐరాస నిపుణుల బృందం ఇచ్చిన బ్రాహిమీ నివేదిక దీనికి సూటిగా మందు రాసింది. దళాలు ఇస్తామని దేశాలు గట్టి హామీ ఇచ్చేదాకా పెద్ద మిషన్ల తీర్మానాన్ని ముసాయిదాగానే ఉంచండి, అప్పుడే ఆమోదించకండి అంది. తీర్మానం నాటినుంచి సాధారణ మిషన్ 30 రోజుల్లో, క్లిష్టమైనది 90 రోజుల్లో దిగాలని గడువు పెట్టింది. ఈ గడువులు నేటికీ తరచూ తప్పుతున్నాయి. పదాతి దళాలు ఇచ్చే దేశాలు దొరుకుతాయి. హెలికాప్టర్లు, ఫీల్డ్ ఆసుపత్రులు, ఇంజనీరింగ్ దళాలు, రాత్రిపూట గాయపడినవారిని తరలించే ఏర్పాటు దొరకవు. అవి లేనిదే పదాతి దళం శిబిరం దాటి దూరం పోలేదు. ఇంకో జబ్బు, రాతలో లేని షరతులు. కమాండర్ ఆజ్ఞ ఇస్తాడు. బెటాలియన్ అధికారి సొంత రాజధానికి ఫోన్ చేసి అడుగుతాడు. వద్దంటే కదలడు. దళం పంపేటప్పుడే అలాంటి షరతులన్నీ రాసివ్వాలని, దాచిపెట్టిన దేశాన్ని తిప్పి పంపాలని గట్టిగా అమలు చేస్తే సగం జబ్బు కుదురుతుంది.

ప్రశ్న: ఐరాసకే సొంత సైన్యం ఉంటే పోలేదా?

జవాబు: చార్టర్ రాసినవారు దాదాపు ఆ మాటే రాశారు. 43వ అధికరణం ప్రకారం దేశాలు ముందే ఒప్పందాలు చేసుకుని మండలికి బలగాలను అందుబాటులో ఉంచాలి. అలాంటి ఒప్పందం ఒక్కటి కూడా జరగలేదు. ఏ దేశం ఎంత ఇవ్వాలన్న దగ్గరే 1947లో అమెరికా, సోవియట్ యూనియన్ తెగేదాకా లాగాయి. ఆ బలగాలను నడపాల్సిన సైనిక సిబ్బంది కమిటీ మాత్రం ఉంది. క్రమం తప్పకుండా సమావేశమవుతూనే ఉంది, చేయడానికి పని లేకుండా.

ప్రశ్న: ఐరాస దగ్గర డబ్బు లేదని ఎప్పుడూ వింటుంటాం. దేశాలు చందా కట్టకపోతే శిక్ష లేదా?

జవాబు: ఉంది, కానీ దానికి కంత ఉంది. 19వ అధికరణం ప్రకారం రెండేళ్ల చందాకు సమానంగా బకాయి పడితే సర్వప్రతినిధి సభలో ఓటు పోతుంది. ఆ గీతకు కాస్త కిందుగా ఉండేలా కట్టుకుంటూ పోతే ఎంత బకాయి ఉన్నా ఓటు పదిలం. పెద్ద దేశాల మీద దీన్ని ప్రయోగించడం ఎంత కష్టమో 1964లోనే తేలింది. శాంతి పరిరక్షణ ఖర్చు కట్టబోమని సోవియట్ యూనియన్, ఫ్రాన్స్ భీష్మించాయి. వాటి ఓటు తీసేయాల్సిన పరిస్థితిని తప్పించడానికి ఆ ఏడాది సభ అసలు ఓటింగులే మానుకుని నెట్టుకొచ్చింది.

సాధారణ బడ్జెట్‌లో అమెరికా వాటా 22 శాతం, చైనాది ఇప్పుడు సుమారు 20 శాతం. శాంతి పరిరక్షణ ఖాతా వేరు. దాని సంవత్సరం జులై 1న మొదలవుతుంది. అందులో ఐదు శాశ్వత సభ్యదేశాలు మామూలు వాటా కన్నా ఎక్కువ కట్టాలి. ఆ లెక్కన అమెరికా వాటా 26 శాతం దాటింది. కానీ 25 శాతానికి మించి కట్టకూడదని అమెరికా కాంగ్రెస్ 1990ల్లోనే చట్టం చేసింది. ఆ తేడా ఏటా బకాయిగా పేరుకుంటుంది. దాని భారం పడేది సైనికులను పంపిన పేద దేశాల మీద. ఒక్కో సైనికుడికి నెలకు ఇంత అని ఐరాస ఆయా ప్రభుత్వాలకు చెల్లిస్తుంది. 2018లో ఆ రేటు 1,428 డాలర్లు. ఖాతా ఖాళీ అయితే మొదట ఆగేది ఈ చెల్లింపే.

అన్నిటికన్నా విడ్డూరమైన నిబంధన ఒకటి ఉంది. బడ్జెట్ 100 అనుకోండి. చందాలు 80 వచ్చాయి. డబ్బు లేక నియామకాలు ఆపి 78తో సరిపెట్టారు. ఏడాది చివర ‘ఖర్చు కాని’ 22ను సభ్యదేశాల ఖాతాల్లో జమ చేయాలి. అందులో 20 అసలు చేతికి రానే లేదు! పొదుపు చేసిన కొద్దీ అప్పు పెరిగే ఏర్పాటు ఇది. దీన్ని సడలించమని ప్రధాన కార్యదర్శి గుటెర్రెస్ పదే పదే అడిగారు. ఈ మార్పుకు చార్టర్ సవరణ అక్కర్లేదు, వీటో గొడవ లేదు, సర్వప్రతినిధి సభ తల్చుకుంటే చాలు. సంస్కరణల ప్రసంగాల్లో ఈ ఊసు మాత్రం వినబడదు.

ప్రశ్న: ఒకసారి విధించిన ఆంక్షలు ఏళ్ల తరబడి కొనసాగుతాయి, కొన్ని ఉన్నట్టుండి నీరుగారిపోతాయి. ఎందుకలా?

జవాబు: తీర్మానంలో ముగింపు తేదీ ఉందా లేదా అన్నదే కీలకం. 1990 ఆగస్టులో ఇరాక్ మీద విధించిన ఆంక్షలకు తేదీ లేదు. ఎత్తేయాలంటే కొత్త తీర్మానం కావాలి, దానికి ఒక్క వీటో అడ్డుపడినా చాలు. అలా 2003 మే దాకా సాగాయి. ఆ అనుభవంతో 2000లో ఇథియోపియా, ఎరిట్రియాల మీద ఆయుధ నిషేధం విధించినప్పుడు 12 నెలల గడువు పెట్టారు. అదీ నిర్దోషమైన మందేమీ కాదు. ఉత్తర కొరియా ఆంక్షలకు తేదీ లేదు, వాటిని గమనించే నిపుణుల బృందానికి మాత్రం ఏటా పొడిగింపు కావాలి. 2024 మార్చి 28న రష్యా ఆ పొడిగింపును వీటో చేసింది. ఏప్రిల్ 30తో బృందం రద్దయింది. ఆంక్షలు నిలిచాయి, ఉల్లంఘనలను చూసి రాసే కళ్లు పోయాయి. ముసాయిదా రాసేటప్పుడే ఆంక్షలకు గడువు పెట్టి, పర్యవేక్షణ మాత్రం ఆంక్షలు ఉన్నంతకాలం ఉంటుందని ఒక్క వాక్యం చేర్చితే ఈ చిక్కు రాదు.

ప్రశ్న: అంతర్జాతీయ న్యాయస్థానం తీర్పును ఒక దేశం ఖాతరు చేయకపోతే?

జవాబు: 94వ అధికరణం కింద గెలిచిన దేశం భద్రతా మండలికి వెళ్లవచ్చు. నికరాగ్వా అలాగే వెళ్లింది. 1986 జూన్ 27న అమెరికా మీద తీర్పు వచ్చింది. అక్టోబరులో దాని అమలు కోరే ముసాయిదాను అమెరికా వీటో చేసింది. అక్కడితో సరి.

ప్రశ్న: ‘భద్రతా మండలి తీర్మానం ఆమోదించింది’ అని తరచూ చదువుతాం. అది పనికొచ్చేదో, కంటితుడుపుదో మాలాంటివాళ్లకు ఎలా తెలుస్తుంది?

జవాబు: తీర్మానాల పూర్తి పాఠం ఐరాస వెబ్‌సైట్‌లో దొరుకుతుంది. ఉపోద్ఘాతంలో చివరి పంక్తి మాత్రం చూసి, అక్కడినుంచి అంకెలు వేసిన పేరాలు చదవండి. ఆ చివరి పంక్తిలో ‘ఏడో అధ్యాయం కింద వ్యవహరిస్తూ’ అన్న మాట సాధారణంగా ఉంటుంది, ఉందేమో చూడండి. ఉంటే, ‘నిర్ణయిస్తోంది’ అన్న పేరాలు దేశాలను కట్టిపడేస్తాయి. ‘పిలుపునిస్తోంది’, ‘ఆందోళన వ్యక్తం చేస్తోంది’ అన్నవి అంతగా కట్టిపడేయవు. ‘అవసరమైన అన్ని చర్యలు’ అంటే సాయుధ బలప్రయోగానికి అనుమతి. 2011 మార్చి 17న లిబియా మీద 1973వ తీర్మానంలో ఉన్నది ఈ మాటే. పౌరుల రక్షణకని ఇచ్చిన ఆ అనుమతి ప్రభుత్వాన్ని పడగొట్టేదాకా సాగిందన్న కోపం ఓటింగుకు దూరంగా ఉన్న ఐదు దేశాల్లో రష్యా, చైనాలకు బాగా మిగిలింది. ఆ తర్వాత సిరియా ముసాయిదాలకు వరసగా వీటోలు పడ్డాయి. అనుమతి ఎప్పుడు ముగుస్తుందో, ఎవరికి లెక్క చెప్పాలో ఆ తీర్మానంలో గట్టిగా రాసి ఉంటే ఆ వాదనకు అంత బలం ఉండేది కాదు.

దళం పంపే తీర్మానమైతే మూడు వివరాలు వెతకండి. ఎంతమంది, ఎప్పటిదాకా, డబ్బు ఏ ఖాతా నుంచి. 2023 డిసెంబరు నాటి 2719వ తీర్మానం ఆఫ్రికా యూనియన్ నడిపే శాంతి దళాల ఖర్చులో 75 శాతం దాకా ఐరాస చందాల నుంచి ఇవ్వవచ్చంది. అయితే ప్రతి మిషన్‌కూ మండలి విడిగా ఒప్పుకోవాలి. మిగతా 25 శాతం ఎవరిస్తారో అందులో తేలలేదు. అలాంటి తీర్మానం గురించి పేపర్లో చదివినప్పుడు ఆ మిగతా పావు వాటాకు హామీ ఎవరిదో వెతకండి. అది కనబడకపోతే దళం ఇంకా కాగితం మీదే ఉందని అర్థం.